డ్రిల్లు మాస్టారే కలియుగ భీముడు

వీరఘట్టం పేరును దేశమంతటా వినిపించిన కోడి రామ్మూర్తి నాయుడు

ఉత్తరాంధ్ర పల్లెల్లో కండలు తిరిగిన యువకుడు కనబడితే పెద్దలు నేటికీ కోడి రామ్మూర్తితో పోలుస్తారు. పండుగ రోజుల్లో సంగిడి రాయి ఎత్తి నెగ్గినవాడికి దక్కే ఘనమైన ప్రశంస కూడా ఆ పేరే. ఆయన కన్నుమూసి ఎనిమిది దశాబ్దాలు గడిచాయి. ప్రదర్శనలను కళ్లారా చూసిన తరం దాదాపు అంతరించింది. ఏనుగును గుండెపై నడిపించుకున్నాడనీ, ఇనుప గొలుసులను ఊపిరితో తెంచాడనీ చెప్పుకునే కథలు మాత్రం మిగిలాయి. ఆ కథల మాటున ఒక చిన్న సంగతి మరుగున పడింది. రామ్మూర్తి నాయుడు తొలుత ఒక బడిలో వ్యాయామ ఉపాధ్యాయుడు. వ్యాయామం మన దేశంలో ఒక వృత్తిగా, ఒక వ్యాపారంగా రూపు దిద్దుకుంటున్న రోజుల్లో ఆయన ఎక్కడ నిలిచారో తెలియాలంటే ఆ బడి నుంచే చూడాలి.

అల్లరి బాలుడు, అడవి కథ

1880వ దశకం తొలి సంవత్సరాల్లో వీరఘట్టంలో రామ్మూర్తి జన్మించారు. తండ్రి వెంకన్న నాయుడు. పసితనంలోనే తల్లి గతించింది. తల్లి లేని పిల్లవాడు చదువు కంటే అల్లరిలో ముందుండేవాడు. ఊరి పొలిమేరలోని అడవికి వెళ్లి కొన్నాళ్లు కనిపించకుండా పోయాడనీ, ఒక సాధువు వద్ద గడిపాడనీ, తిరిగి వచ్చేటప్పుడు పులిపిల్లను చంకన పెట్టుకుని వీధుల్లో నడిచాడనీ స్థానికులు తరతరాలుగా చెప్పుకుంటున్నారు. పులిపిల్ల సంగతి ఎలా ఉన్నా, ఆ బాలుణ్ణి అదుపులో పెట్టడం తండ్రికి కష్టమైందన్నది మాత్రం తేలికగా నమ్మవచ్చు. విజయనగరంలో పోలీసు శాఖలో పనిచేస్తున్న పినతండ్రి నారాయణస్వామి వద్దకు కుర్రవాణ్ణి పంపించారు.

ఆ ప్రయాణమే ఆయన జీవితాన్ని మలుపు తిప్పింది. నాటి విజయనగరం సామాన్యమైన పట్టణం కాదు. ఆదిభట్ల నారాయణదాసు హరికథకు కొత్త ఊపిరి పోసింది అక్కడే. గురజాడ అప్పారావు కొలువు చేసిందీ, రచనలు చేసిందీ అక్కడే. 1910లో ఆయన రాసిన దేశభక్తి గేయంలో తిండి పుష్టికీ, కండబలానికీ పెద్ద చోటే ఇచ్చారు. దేశాన్ని గురించిన పాటలో కండ మాట రావడం కాకతాళీయం కాదు. సంగీత సాహిత్యాలతో పాటు సాముగరిడీలకు కూడా సంస్థానాల ఆదరణ ఉన్న కాలమది. పేటకొక తాలింఖానా ఉండేది. మెత్తని మట్టి తవ్విన గోదా, గోడకు ఆనించిన గదలు, మూలన హనుమంతుని పటం, ఒక వస్తాదు. దండీలు, బస్కీలు తీయడం, సంగిడి ఎత్తడం, కర్ర తిప్పడం అక్కడి చదువు.

పినతండ్రి దూరదృష్టిని ఇక్కడ మెచ్చుకోవాలి. పుస్తకం పట్టని పిల్లవాణ్ణి దండించి బడికి ఈడ్చే బదులు అతనికి ఇష్టమైన కుస్తీ వైపే నడిపించారు. రామ్మూర్తి అనతికాలంలోనే తోటివారిని మించాడు. అంతటితో వదిలేయకుండా, మద్రాసులోని సైదాపేటకు పంపి ఏడాది పాటు వ్యాయామ శిక్షణ ఇప్పించారు. తిరిగి వచ్చిన రామ్మూర్తి విజయనగరం ఉన్నత పాఠశాలలో వ్యాయామ ఉపాధ్యాయుడిగా చేరారు.

మట్టి గోదా నుంచి డ్రిల్లు మైదానానికి

ఈ ఉద్యోగం విలువ నేడు మనకు తెలియదు. తాలింఖానాలో వస్తాదుకు శిష్యులు ఉంటారు, జీతం ఉండదు. చూసి నేర్చుకోవడమే తప్ప పాఠ్యక్రమం ఉండదు. బడిలోని డ్రిల్లు ఇందుకు పూర్తిగా భిన్నం. పిల్లలు వరుసలు కట్టి నిలబడాలి, లెక్క ప్రకారం చేతులు చాపాలి, ఈల వినపడగానే ఆగాలి. ఆంగ్లేయుల సైనిక కవాతు నుంచి బడికి వచ్చిన పద్ధతి అది. అందులో కుస్తీ లేదు, దండీలు లేవు. ఊరి తాలింఖానాలో పెరిగి, సైదాపేటలో డ్రిల్లు నేర్చిన రామ్మూర్తి రెండింటికీ వారసుడు. దేశీయ వ్యాయామం, పాశ్చాత్య వ్యాయామం ఒకే మనిషిలో కలిసిన తొలి తరం ఉపాధ్యాయుల్లో ఆయన ఒకరు.

మద్రాసులో హారీ క్రో బక్ వై.ఎం.సి.ఎ. వ్యాయామ విద్యా కళాశాలను ప్రారంభించింది 1920లో. అమరావతిలో హనుమాన్ వ్యాయామ ప్రసారక మండలి మొదలైంది 1914లో. ఇవేవీ లేని రోజుల్లోనే విజయనగరం మైదానంలో ఈ డ్రిల్లు మాస్టారు పిల్లలతో కసరత్తు చేయించారు. అయితే జీతం స్వల్పం, పేరు ఊరి పొలిమేర దాటదు. అసాధారణమైన దేహబలం గల యువకుడు ఆ నాలుగు వరుసల మధ్య ఎంతోకాలం ఇమిడి ఉండలేకపోయాడు.

సర్కసు డేరా

విజయనగరంలో రామ్మూర్తికి మిత్రుడైన పొట్టి పంతులు ప్రోత్సాహంతో సర్కసు కంపెనీ ఏర్పాటైంది. భారతీయుల సర్కసు అప్పటికి కొత్త కాదు. మహారాష్ట్రకు చెందిన విష్ణుపంత్ ఛత్రే 1880లోనే గ్రేట్ ఇండియన్ సర్కస్ స్థాపించారు. కేరళలోని తలచేరిలో కీలేరి కుంజికణ్ణన్ సర్కసు విద్య నేర్పుతూ కళాకారులను తయారు చేస్తున్నారు. ఆ కంపెనీల్లో గుర్రాలు, పులులు, ఊయల మీద విన్యాసాలు ప్రధానం. రామ్మూర్తి సర్కసుకు మాత్రం రామ్మూర్తే ప్రధానం. జనం టిక్కెట్టు కొన్నది ఒక మనిషి దేహాన్ని చూడటానికి.

తెలుగు జిల్లాలు దాటి మద్రాసు, పుణె, హైదరాబాదు, అలహాబాదు, కలకత్తాల వరకు ఆ డేరా వెళ్లింది. ఉత్తరాదిన ఆయనను ప్రొఫెసర్ రామమూర్తి అని పిలిచేవారు. సర్కసు, మల్లయుద్ధ రంగాల్లో నాడు ప్రొఫెసర్ అంటే విద్యలో ఆరితేరినవాడని అర్థం. ఒకప్పటి బడి పంతులుకు ఆ పిలుపు మరింత నప్పింది.

ప్రదర్శనల్లో మూడు ప్రసిద్ధమైనవి. ఇనుప గొలుసు ఛాతీకి చుట్టించుకుని, గాలి పీల్చి దాన్ని తెంచడం మొదటిది. భుజాలకు కట్టిన గొలుసులతో రెండు మోటారు కార్లను చెరో వైపుకు కదలనీయకుండా ఆపడం రెండోది. ఛాతీపై చెక్క వేయించుకుని దాని మీదికి ఏనుగును ఎక్కించుకోవడం మూడోది. ఇవి మంత్రాలు కావు, కనికట్టూ కాదు. ఊపిరి పూర్తిగా వదిలినప్పుడు గొలుసు బిగిస్తే, తిరిగి నిండుగా పీల్చినప్పుడు పక్కటెముకలు విచ్చుకుంటాయి. వీపు, రొమ్ము కండరాలు ఉబ్బుతాయి. ఆ ఒత్తిడి అంతా గొలుసులోని బలహీనమైన లింకు మీద పడుతుంది. ఏనుగు బరువును చెక్క విశాలంగా పరుస్తుంది. కుంభకంలో నిలిపిన ఊపిరి లోపలి నుంచి ఛాతీకి దన్నుగా నిలుస్తుంది. ఇక కార్లు నేటివంటివి కావు. 1908లో వెలువడిన ఫోర్డు మోడల్ టి కారు ఇంజను సామర్థ్యం 20 అశ్వశక్తి. రెండు కార్లు చెరో దిక్కుకు లాగినప్పుడు వాటి బలాలు ఒకదానికొకటి సరిపోతాయి, కానీ ఆ లాగుడంతా మధ్యనున్న మనిషి కీళ్లు ఓర్చుకోవాలి.

ఇలా వివరిస్తే ఘనత తగ్గుతుందని కొందరు అనుకుంటారు. నిజానికి పెరుగుతుంది. కిటుకు తెలిసిన ప్రతివాడూ రెండు టన్నుల జంతువు కింద పడుకోలేడు. ఊపిరి ఒక్క క్షణం ముందు వదిలితే ఎముకలు పిండి కావలసిందే. ప్రాణాయామం ఆయనకు పూజగదిలోని వ్యవహారం కాదు, ప్రతి సాయంత్రం ప్రాణం నిలబెట్టిన పనిముట్టు. మాంసాహారం లేనిదే బలం రాదని పాశ్చాత్యులు దృఢంగా నమ్మిన కాలంలో ఆయన శాకాహారి కావడం చూసేవారిని మరింత ఆశ్చర్యపరిచింది.

శాండో నీడలో

రామ్మూర్తి కథలో తప్పక వినబడే మరో పేరు యూజీన్ శాండో. ప్రష్యాలో పుట్టి లండన్‌లో స్థిరపడిన ఈ బలశాలి కూడా తొలుత రంగస్థలంపై గొలుసులు తెంచినవాడే. ఆ తర్వాత ఆయన పట్టిన దారి వేరు. 1897లో లండన్‌లో దేహదారుఢ్య సంస్థ తెరిచారు. మరుసటి ఏడాది పత్రిక పెట్టారు. 1901లో రాయల్ ఆల్బర్ట్ హాల్‌లో దేహసౌష్ఠవ పోటీ నిర్వహించారు. దానికి న్యాయనిర్ణేతల్లో ఒకరు షెర్లాక్ హోమ్స్ సృష్టికర్త కానన్ డాయిల్. స్ప్రింగు డంబెల్స్ అమ్మారు, తపాలా ద్వారా పాఠాలు అమ్మారు, చివరకు కోకో పొడి కూడా అమ్మారు. నేటి ఫిట్‌నెస్ పరిశ్రమలో కనబడే సరుకులన్నిటికీ మూలరూపం ఆయన దుకాణంలో ఉంది.

శాండో 1904-05లో మన దేశానికి వచ్చి పలు నగరాల్లో ప్రదర్శనలిచ్చారు. రామ్మూర్తి ఆయనను పోటీకి పిలిచారనీ, తెలుగు వీరుడి బలం తెలుసుకున్న శాండో తప్పుకున్నాడనీ ఒక కథ వ్యాప్తిలో ఉంది. మద్రాసులో వైస్రాయి మింటో ప్రయాణిస్తున్న కారును ఆపి చూపారన్న కథ కూడా ఇలాంటిదే. ఈ కథలను అక్షరాలా తీసుకోనక్కరలేదు. జనం వీటిని ఎందుకు అంత ఇష్టంగా చెప్పుకున్నారన్నదే ముఖ్యం. భారతీయుల దేహాలు బలహీనమైనవనీ, అందుకే పరాయి పాలనకు తగినవారనీ ఆంగ్లేయులు బాహాటంగా రాస్తున్న రోజులవి. బెంగాలీల దేహాన్ని చులకన చేస్తూ మెకాలే రాసిన మాటలు అక్కడి చదువుకున్న యువకులను దశాబ్దాల పాటు బాధించాయి. వందేమాతరం ఉద్యమకాలంలో కలకత్తా యువకులు వ్యాయామశాలల చుట్టూ చేరడానికి ఆ అవమానం ఒక కారణం. 1910లో గామా పహిల్వాన్ లండన్ వెళ్లి ఐరోపా, అమెరికా మల్లులతో తలపడినప్పుడు దేశం గర్వించింది. రామ్మూర్తి డేరాలో కూర్చున్న ప్రేక్షకుడు కూడా వినోదం కోసమే రాలేదు. తనవంటి తిండి తిన్న, తనవంటి రంగున్న మనిషి ఇనుమును తెంచడం చూసి ఇంటికి వెళ్లేవాడు. మరునాడు పెరట్లో పది దండీలు తీసేవాడు. ఆ పది దండీలకు లెక్క రాసినవారు లేరు.

లోకమాన్య తిలక్ ఆయనను మల్ల మార్తాండ అని సత్కరించారనీ, మదన్ మోహన్ మాలవీయ విదేశాలకు వెళ్లమని ప్రోత్సహించారనీ, లండన్‌లో అయిదో జార్జి చక్రవర్తి దంపతుల సమక్షంలో ప్రదర్శన ఇచ్చి ఇండియన్ హెర్క్యులెస్ బిరుదు అందుకున్నారనీ ప్రతీతి. తెలుగువారు మాత్రం ఆయనను కలియుగ భీముడనే పిలుచుకున్నారు. మహాభారతం హరికథగా, వీధి నాటకంగా ఊరూరా వినే జనానికి అంతకు మించిన కొలమానం లేదు.

డబ్బు వచ్చింది, నిలవలేదు

సర్కసు ద్వారా ఆయన అపారమైన ధనం ఆర్జించారు. ఎంత వచ్చిందో అంతా దానధర్మాలకూ, దేశోద్యమానికీ ఖర్చు చేశారని మన ప్రాంతంలో చెప్పుకుంటారు. శాండోకూ రామ్మూర్తికీ ఉన్న తేడా ఇక్కడే స్పష్టమవుతుంది. శాండో తన బలాన్ని సరుకుగా మార్చి ఇంటింటికీ అమ్మారు. రామ్మూర్తి టిక్కెట్టు తప్ప మరేదీ అమ్మలేదు. ఆయన పేర డంబెల్ రాలేదు, ఆయన పేర శాఖలున్న వ్యాయామశాల వెలవలేదు. ఆ లోటును తరువాతివారు వేర్వేరు చోట్ల పూరించారు. బెంగళూరులో కె.వి. అయ్యర్ వ్యాయామశాల నడుపుతూ తపాలా పాఠాలు పంపారు. 1930లో మజిల్ కల్ట్ అనే పుస్తకం ప్రచురించారు. ఔంధ్ సంస్థానాధీశుడు సూర్యనమస్కారాలను బడి పిల్లలకు నేర్పించారు. 1933లో మైసూరు ప్యాలెస్‌లో కృష్ణమాచార్య యోగశాల తెరిచారు. డేరా రగిలించిన ఉత్సాహం ఈ సంస్థల్లో పద్ధతిగా స్థిరపడింది.

ఆ తర్వాతి చరిత్ర అందరికీ తెలిసిందే. గోదాల స్థానంలో మల్టీజిమ్‌లు వచ్చాయి. ఆర్థిక సంస్కరణల తరువాత నగరాల్లో అద్దాల గోడల మధ్య ట్రెడ్‌మిల్లులు వరుస తీరాయి. నేడు మండల కేంద్రాల్లో సైతం ప్రొటీన్ పొడి డబ్బాలు దొరుకుతున్నాయి. 2015 నుంచి ఏటా జూన్ 21న అంతర్జాతీయ యోగా దినోత్సవం జరుపుకొంటున్నాం. 2019 ఆగస్టు 29న ఫిట్ ఇండియా ఉద్యమం ప్రారంభమైంది. కానీ లాన్సెట్ గ్లోబల్ హెల్త్ పత్రిక 2024లో ప్రచురించిన అంచనా ఆలోచింపజేస్తుంది. 2000 సంవత్సరంలో దేశంలోని వయోజనుల్లో దాదాపు 22 శాతం మంది తగినంత శారీరక శ్రమ లేకుండా గడిపేవారు. 2022 నాటికి ఆ సంఖ్య దాదాపు 50 శాతానికి చేరింది. జిమ్‌లు విస్తరించిన కాలంలోనే కదలని మనుషులూ రెట్టింపయ్యారు. వ్యాయామం అమ్మకానికి దొరకడం వేరు, అలవాటు కావడం వేరు. నెలసరి రుసుము కట్టి పది రోజులకే మానేసిన కుర్రాళ్లు ప్రతి వీధిలోనూ ఉంటారు. దండీలకు, బస్కీలకు ఆరడుగుల నేల చాలు.

బలంగీర్‌లో చివరి రోజులు

కలియుగ భీముడి చివరి అధ్యాయం విషాదకరం. ఆయన కాలిపై రాచపుండు లేచింది. పుండు మానలేదు. ప్రాణం దక్కాలంటే కాలు తీసేయడం తప్ప మార్గం లేదని వైద్యులు తేల్చారు. పెన్సిలిన్ అప్పటికి మన ఆసుపత్రులకు చేరలేదు. నేడు మందులతో, సకాల చికిత్సతో అదుపు చేయగల ఎన్నో పుండ్లు నాడు అవయవాన్నో ప్రాణాన్నో తీసుకుపోయేవి. క్లోరోఫారం అక్కరలేదని చెప్పి, ప్రాణాయామంతో బాధను ఓర్చుకుంటూ ఆయన శస్త్రచికిత్స చేయించుకున్నారని చెబుతారు. ఇది కూడా కథలో చేరినదే కావచ్చు. అయినా జీవితమంతా ఊపిరినే ఆయుధంగా చేసుకున్న మనిషిని గురించి జనం ఇంకేం ఊహించగలరు? శత్రువు గొలుసు కాదు, ఏనుగు కాదు, గోరంత పుండు. దాని ముందు యాభై ఏళ్ల కసరత్తు నిలవలేదు.

డేరా మూతపడింది. ఆర్జించిన ధనం మిగలలేదు. ఒరిస్సాలోని పాట్నా సంస్థానాధీశుడు ఆదరించడంతో ఆ సంస్థానానికి ముఖ్యపట్టణమైన బలంగీర్‌లో చివరి రోజులు గడిపారు. 1942 జనవరిలో అక్కడే తుదిశ్వాస విడిచారు. అప్పటికి ఆయన వయసు అరవైకి అటూ ఇటూ. సొంత ఊరు ఎంతో దూరం.

మరచిపోని నేల

ఆయన తరువాత ఉత్తరాంధ్ర బలానికి కొత్త పేరు రావడానికి అర్ధశతాబ్దం పైగా పట్టింది. ఈసారి ఆ పేరు ఒక స్త్రీది. ఆమదాలవలస సమీపంలోని ఊసవానిపేట నుంచి వచ్చిన కరణం మల్లీశ్వరి 2000 సంవత్సరంలో సిడ్నీ ఒలింపిక్స్‌లో 69 కిలోల విభాగంలో మొత్తం 240 కిలోలు ఎత్తి కాంస్యం సాధించారు. ఒలింపిక్ పతకం గెలిచిన తొలి భారతీయ మహిళ ఆమే. ఆమెను తొలుత తీర్చిదిద్దిన శిక్షకుడు నీలంశెట్టి అప్పన్న. విజయనగరం దగ్గరి కొండవెలగాడ ఆడపిల్లలు బరువులెత్తే ఊరుగా పేరు పొందింది. ఆ ఊరి మత్స సంతోషి 2014 గ్లాస్గో కామన్వెల్త్ క్రీడల్లో 53 కిలోల విభాగంలో మూడో స్థానంలో నిలిచారు. విజేత డోపింగ్ పరీక్షలో పట్టుబడటంతో ఆమె పతకం రజతంగా మారింది. వీరి వెనుక ఉన్నది కార్పొరేట్ జిమ్ కాదు. ఊరిలోనే ఉండి, తెల్లవారుజామున పిల్లలను నిద్రలేపి మైదానానికి రప్పించే శిక్షకులు. విజయనగరం బడిలో రామ్మూర్తి చేసిన ఉద్యోగం కూడా అదే.

శ్రీకాకుళంలోని క్రీడా మైదానానికి కోడి రామ్మూర్తి పేరు పెట్టారు. విశాఖపట్నం బీచ్ రోడ్డులో ఆయన విగ్రహం ఉంది. 2022 ఏప్రిల్‌లో జిల్లాల పునర్విభజన జరిగినప్పుడు వీరఘట్టం శ్రీకాకుళం నుంచి విడివడి పార్వతీపురం మన్యం జిల్లాలో చేరింది. దాంతో ఆయన పుట్టిన ఊరు ఒక జిల్లాలో, పాఠాలు చెప్పిన బడి ఒక జిల్లాలో, పేరు పెట్టిన మైదానం ఒక జిల్లాలో, విగ్రహం మరో జిల్లాలో అయ్యాయి.